రాహువు పురాణంలోనే ఉండాలి

గ్రహణం వచ్చినప్పుడల్లా మా చిత్తూరు సీమలో నన్నడిగే ప్రశ్న ఒక్కటే: "అయ్యవారూ, రాహువు ఉండాడా, లేడా?"

పురాణంలో ఉన్నాడు, ఆకాశంలో లేడు.

అమృతం తాగిన అసురుణ్ణి విష్ణుచక్రం ఖండించగా తల రాహువు, మొండెం కేతువు అయినవట. కంఠం తెగినవాడు గనుకనే మింగిన సూర్యుడు మళ్ళీ బయటపడతాడు. ఎంత అందమైన కల్పన! గణితంలో మాత్రం ఆ పేర్లు చంద్రమార్గం సూర్యమార్గాన్ని ఖండించే రెండు బిందువులవి. అక్కడ పదార్థమేదీ లేదు. పెద్దలు వాటిని 'ఛాయాగ్రహాలు' అన్నారు. ఛాయ అంటే నీడే గదా! సూర్యుని కప్పేది చంద్రుడనీ, చంద్రుని కప్పేది భూమి నీడ అనీ ఆర్యభటుడు చెప్పి పదిహేను శతాబ్దాలు దాటింది.

అయినా 1980 ఫిబ్రవరి 16న, నల్లగొండ, ఖమ్మం ప్రాంతాలలో సంపూర్ణ సూర్యగ్రహణం పట్టిన వేళ, తిరుపతిలో విద్యార్థినైన నన్ను ఇంట్లో పెట్టి తలుపు వేశారు. 2019 డిసెంబరు 26న నిండు చూలాలైన మా మేనకోడలికి గ్రహణం విడిచేదాకా మంచినీళ్ళైనా ఇవ్వలేదు. అన్నీ తెలిసిన పండితుణ్ణి, పెద్దలకు వెరచి నోరు మెదపలేదు. ఆ తప్పు నాదే.

నమ్మకాన్ని నిందిస్తున్నానని కొందరు కోపగిస్తారు. గుడికి పోవద్దని నేననను. గ్రహణవేళ తిరుమలలో తలుపులు మూస్తారు. కూతవేటు దూరాన శ్రీకాళహస్తిలో తెరిచే ఉంచుతారు. ఆచారాలలోనే ఇంత భేదముండగా, దాహంతో అలమటించే గర్భిణికి 'శాస్త్రం ఒప్పదు' అని చెప్పే అధికారం మనకెవరిచ్చారు?

రాహువును పాఠంగా చెప్పి జీతం తీసుకున్న తెలుగు పండితులమే ఇప్పుడైనా నోరు విప్పాలి. వచ్చే గ్రహణానికి మా ఇంట నీళ్ళచెంబు నేనే అందిస్తాను.