పెళ్ళి ప్రశ్నకు ఎన్ని మార్కులు?

"పిన్నీ, నిశ్చితార్థం అయిన సంగతి చెప్పాలా, దాచాలా?"

పోయిన ఆదివారం ఒంగోలు నుంచి మా అక్క కూతురు ఫోన్‌లో అడిగిన మాట ఇది. బ్యాంకు ఆఫీసరు ఉద్యోగానికి రాతపరీక్షలు గట్టెక్కింది. ఇక మిగిలింది ఇంటర్వ్యూ. వేలి ఉంగరం తీసేసి వెళ్ళమని తోటి అమ్మాయిలు సలహా ఇచ్చారట.

నాకు 1994 గుర్తొచ్చింది. ఒక ప్రభుత్వ రంగ సంస్థలో ఇంటర్వ్యూకి వెళ్ళాను. బోర్డులో నలుగురూ మగవాళ్ళే. చదువు గురించి ఒక ప్రశ్న, సంసారం గురించి మూడు ప్రశ్నలు. "బదిలీ అయితే మీ ఆయన ఒప్పుకుంటారా అమ్మా?" అన్నారు ఒకాయన, ఎంతో ఆప్యాయంగానే. ఉద్యోగం రాలేదు. ఆ ప్రశ్న వల్లే రాలేదని నేననను, అనలేను కూడా. చిక్కంతా అక్కడే ఉంది. లెక్క తప్పితే ఎక్కడ తప్పామో తెలుస్తుంది. ఇంటర్వ్యూలో మార్కులు ఎందుకు తగ్గాయో ఎవరూ చెప్పరు.

ఇదేమీ కొత్త సంగతి కాదు. మన దేశపు తొలి మహిళా ఐ.ఏ.ఎస్. అధికారి అన్నా రాజం మల్హోత్రా 1951లో ఎంపికయ్యారు. ఆడవాళ్ళకి విదేశాంగ సర్వీసో, మరో కేంద్ర సర్వీసో మేలని ఇంటర్వ్యూ బోర్డువారు ఆమెకి నచ్చజెప్పబోయారు. ఆమె వినలేదు. నియామకపత్రంలో మాత్రం పెళ్ళి చేసుకుంటే ఉద్యోగం పోతుందని రాసిచ్చారు. విదేశాంగ సర్వీసులోనూ ఆడవాళ్ళు పెళ్ళికి ముందే అనుమతి తీసుకోవాలన్న నిబంధన ఉండేది. దానిమీద సి.బి. ముత్తమ్మ సుప్రీంకోర్టు దాకా వెళ్తే, 1979లో జస్టిస్ కృష్ణయ్యర్ ఆ నిబంధనను గట్టిగానే దులిపేశారు. ఎల్.ఐ.సి.లో చేరే మహిళలు నింపాల్సిన పత్రంలో నెలసరి, గర్భం వివరాలు అడిగే గడులను తీసెయ్యమని 1991లో అదే కోర్టు చెప్పాల్సి వచ్చింది.

కాగితం మీది గడులు కొట్టెయ్యొచ్చు. అడిగేవాళ్ళ మనసులో గడి ఉంటే?

అందుకే ఇంటర్వ్యూలే ఎత్తెయ్యాలంటారు చాలామంది. కేంద్రం 2016 జనవరి 1 నుంచి గ్రూప్-సి, గ్రూప్-డి, నాన్ గెజిటెడ్ గ్రూప్-బి ఉద్యోగాలకి ఎత్తేసింది. తెలంగాణ ప్రభుత్వం 2022లో గ్రూప్-1, గ్రూప్-2లకి తీసేసింది. ఇంగ్లీషులో గడగడా మాట్లాడలేని పల్లెటూరి పిల్లలకి ఇది పెద్ద ఊరటే. అయితే రాతపరీక్ష ఉన్నంత మాత్రాన అంతా సవ్యమనుకోలేం. అక్కడే 2022 అక్టోబరులో జరిగిన గ్రూప్-1 ప్రిలిమ్స్‌ను పేపరు లీకు వల్ల 2023లో రద్దు చేశారు. పైగా జనంతో మెలగాల్సిన ఉద్యోగానికి మనిషిని ఒకసారి ఎదురుగా చూడాలనడంలో తప్పేమీ లేదు. చూసే పద్ధతి సరిగా ఉండాలి, అంతే.

ఎంత మోతాదులో అన్నది మొదటి సంగతి. శ్రీనగర్ ఇంజనీరింగ్ కాలేజీ సీట్ల కేసులో, ఇంటర్వ్యూకి నూటికి 15 మార్కులు దాటితే అన్యాయమేనని 1980లో సుప్రీంకోర్టు అంది. అక్కడ ఒక్కొక్కరితో రెండు మూడు నిమిషాలు మాట్లాడి మూడో వంతు మార్కులు వేశారు మరి! ఇంటర్వ్యూలను టేపు చేస్తే మంచిదని కూడా ఆనాడే చెప్పింది. సివిల్ సర్వీసుల్లో 2025 మార్కులకి ఇంటర్వ్యూ 275. బ్యాంకు ఆఫీసర్లకి తుది లెక్కలో నూటికి 20 వంతులు. ఒక్క మార్కుతో తలరాతలు మారేచోట అది తక్కువేం కాదు.

రెండోది, ఆట మధ్యలో నియమాలు మార్చకపోవడం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జిల్లా జడ్జీల ఎంపికలో, ఇంటర్వ్యూలో కనీస మార్కులు రావాలన్న షరతును ఇంటర్వ్యూలు అయ్యాక పెట్టారు. కె. మంజుశ్రీ కేసులో 2008లో సుప్రీంకోర్టు అది చెల్లదంది. 2024 నవంబరులో అయిదుగురు జడ్జీల ధర్మాసనం ఆ తీర్పు సరైనదేనని నిలబెట్టింది.

మూడోది ఏ కోర్టుకీ వెళ్ళకుండా చెయ్యగలిగింది. అందరినీ ఒకే తీరు ప్రశ్నలు అడగాలి. బోర్డులో ఆడవాళ్ళుండాలి. ఒకరి మార్కులు ఒకరు చూడకుండా వెయ్యాలి. జరిగిందంతా రికార్డు చెయ్యాలి. పెళ్ళి, పిల్లలు, అత్తవారిల్లు అన్న ఊసే ఎత్తకూడదు. బదిలీ గురించి తెలుసుకోవాలా? "ఎక్కడ వేసినా పనిచేస్తారా?" అని ఆడా మగా అందరినీ అడగండి. ఎవరికీ అభ్యంతరం ఉండదు.

మా పిల్లకి చివరికి ఇలా చెప్పాను. "ఉంగరం తియ్యకు. అడిగితే నిజం చెప్పు. ఎక్కడ వేసినా చేస్తానని ధైర్యంగా చెప్పు."

"సరే పిన్నీ! మరి నాకు కాబోయే ఆయన కూడా ఈ పరీక్షే రాశాడు. ఆయన్నీ అడుగుతారా?" అంది.

ఆ ప్రశ్నకి జవాబు నా దగ్గర లేదు. బల్లకి అవతల కూర్చునేవాళ్ళే చెప్పాలి.