గట్లమీది పొదలును సీతాకోకచిలుకలును

మన వికారాబాదు, తాండూరు ప్రాంతములలో చేనిగట్లకు సైతము గడ్డిమందు కొట్టు అలవాటు నానాటికి ప్రబలుచున్నది. గట్టు నున్నగా నుండిన రైతు శ్రద్ధ గలవాడనియు, పొదలుండిన సోమరి యనియు మనలో నొక అభిప్రాయము కలదు. ఇది సరియైనది కాదని మా మతము.

గట్టుమీది పొదలు పోయినచో వానితోపాటు పోవునవి సీతాకోకచిలుకలు. రెక్కలు వచ్చిన పిమ్మట అవి అనేక పూవుల తేనెను త్రాగును గాని, గ్రుడ్లను మాత్రము ఒక్కొక్క జాతి తనకు తగిన కొన్ని చెట్లమీదనే పెట్టును. ఆ చెట్టు లేనిచో పిల్లపురుగునకు తిండి లేదు. అందుచేత ఇంటిముందు విదేశపు పూలమొక్కలు ఎన్ని నాటినను, గట్టుమీది తంగేడునకు అవి సాటి రావు.

వ్యవహారమున మనము వీని కన్నిటికి నొక్కటే పేరు పెట్టియున్నాము. చెట్టును బట్టి గుర్తించుట సులభము. లేతాకుపచ్చ కలిసిన తెల్లని రెక్కలతో వానలవెనుక వడివడిగా ఎగురునవి తంగేడు, రేల, కసింద ఆకులమీద పెరిగినవి. (బతుకమ్మకై తంగేడు పూలు కోసినందున వీనికి లోటు లేదు, పురుగు తినునది ఆకును.) నలుపు పసుపు మచ్చలు గలది నిమ్మ, కరివేపాకు, మారేడు చెట్లది. దాని పురుగు చిన్నతనమున పక్షిరెట్టవలె నుండి, పిదప పచ్చబడును. తాకినచో తలవెనుకనుండి వాసనగల కొమ్మును వెలికి చాచును. అనంతగిరి వంటి అడవులలో బీడీలు చుట్టు తునికియాకు మరియొక జాతికి ఆహారము.

అన్నిటికంటె చిత్రమైనది జిల్లేడు సంగతి. పశువులు ముట్టని ఆ ఆకును నారింజవన్నె రెక్కల సీతాకోకచిలుక పురుగు హాయిగా తిని, పాలలోని విషమును తన యొడలిలో నిలుపుకొనును. ఒకసారి రుచి చూచిన పక్షి మరల దాని జోలికి పోదు. ఇది కనిపెట్టినట్లు, విషము లేని వేరొక జాతి ఆడుది సరిగా అదే వేషము ధరించి బ్రదుకుచున్నది. ఈ మాయలాడి గ్రుడ్లు పెట్టునది మనము కూరకు కోసికొను గంగవాయిలి మొక్కమీద. ఇక పచ్చిరొట్టకై చల్లిన జనుము ఎండిన పిమ్మట, జిల్లేడు సీతాకోకచిలుకలలోని మగవి దానిపై మూగుట చూడవచ్చును. దాని రసమునుండియే అవి ఆడువానిని ఆకర్షించు పరిమళమును తయారు చేసికొనును.

"పురుగు పురుగే గదా, చేనికి పట్టదా?" యని సభ్యులు అడుగుదురు. న్యాయమైన ప్రశ్నయే. కందికి ముఖ్య శత్రువులు శనగపచ్చ పురుగు, మారుకా మచ్చల పురుగు, కాయ ఈగ. మొదటి రెండును రాత్రివేళ తిరుగు రెక్కలపురుగుల సంతానము, మూడవది ఈగ. సీతాకోకచిలుకలలో కంది కాయను తొలుచునది తోకగల చిన్న నీలిజాతి యొకటి కలదు. దానిని దాచుట మాకిష్టము లేదు. నిమ్మ నారుమడిలో పైన చెప్పిన పురుగు వలనను నష్టము కలుగును. అచ్చట చేతితో ఏరి మారేడుమీద విడిచిన చాలును.

సీతాకోకచిలుకల వలన దిగుబడి పెరుగునని ఆశ పెట్టువారును గలరు. మేమట్లు చెప్పజాలము. కంది చాలవరకు తన పుప్పొడితోనే కాయ గట్టును. పరపరాగ సంపర్కము జరిగినంత మట్టుకు అది ముఖ్యముగా తేనెటీగల పని. కాని సీతాకోకచిలుకను పోషించు గట్టే తేనెటీగను, పురుగు గ్రుడ్లలో తన గ్రుడ్లు పెట్టు సన్నని కందిరీగను పోషించును. ట్రైకోగ్రామా కార్డులను డబ్బిచ్చి కొని చేనిలో కట్టుచు, ఆ ప్రాణులు తేనె త్రాగు పూలపై గడ్డిమందు కొట్టుట ఏమి లెక్కయో మాకు బోధపడదు. 2022లో తాండూరు కందికి భౌగోళిక గుర్తింపు వచ్చినప్పుడు మనమందరము సంతసించితిమి. ఆ పేరు ఈ నేలది. గట్లును ఈ నేలలోనివే.

అన్ని మొక్కలను ఉంచుమని మేము కోరుట లేదు. వయ్యారిభామను పూతకు ముందే పెరికివేయవలయును. ప్రత్తికి పట్టు పిండినల్లి దానిపై నిలిచియుండును. కొడవలితో గట్టును ఒక ప్రక్క ఈ యేడు, రెండవ ప్రక్క వచ్చు నేడు కోయవచ్చును. డొంకలకును వాగుల యొడ్డులకును గడ్డిమందు కొట్టరాదని సంఘము రాబోవు సమావేశమున తీర్మానింపవలెను. అవి ఏ యొక్కరి సొత్తును కావు. కందికి మందు తప్పనిసరియైన దినమున గాలివాలు చూచి, గట్టువైపు మూడు నాలుగు సాళ్లు విడిచి కొట్టుడు. తంగేడు లేని గట్లవారు ఎండిన కాయలను ఇప్పటినుండి ఏరి యుంచుకొని, తొలకరిలో చల్లుకొనవచ్చును.