సందు ఎవరిది?

రెండిళ్ల మధ్య సందు మూడడుగుల వెడల్పు ఉంటుందో ఉండదో! దాని మీద పుట్టిన దావా మాత్రం ఒక్కొక్కప్పుడు తాతల నాడు మొదలై మనుమల నాటికి గాని తెమలదు. గ్యాసు బండ రావాలన్నా, పెరట్లో పనివాళ్లు తిరగాలన్నా, పెళ్లిపందిరి రాటలు తేవాలన్నా ఆ సందే దిక్కు. దాన్ని మూసేస్తే సంసారం ఆగిపోయినంత పని అవుతుంది మరి.

పేచీ రాగానే ఇరుపక్షాల వారూ అనే మాట ఒక్కటే: “సందు మాది!” ఆ మాట అనేముందు ఆ సందు మీద మీకున్నది సొంతమా, దారిహక్కా, లేక వట్టి అనుమతా అన్నది తేల్చుకోవాలి. చట్టం దృష్టిలో ఇవి మూడు వేరు వేరు సంగతులు.

మొదటిది ఉమ్మడి సొంతం. అన్నదమ్ములు ఇల్లు పంచుకునేటప్పుడు సందును ఇద్దరికీ కలిపి వదులుతారు. దస్తావేజులో హద్దుల దగ్గర “ఉమ్మడి సందు” అని రాస్తారు. అలా ఉన్నప్పుడు ఏ ఒక్కరూ అందులో మెట్లు కట్టో, తలుపు బిగించో రెండోవారి రాకపోకలు ఆపడానికి వీల్లేదు.

రెండోది దారిహక్కు. స్థలం ఎదుటివారిది, నడిచే హక్కు మీది. దీన్నే ఈజ్‌మెంటు అంటారు. 1882 నాటి చట్టమే ఇప్పటికీ దీనికి ఆధారం. ఈ హక్కును దస్తావేజు రాసి ఇవ్వవచ్చు. లేదా, ఒకే ఆస్తిని విడగొట్టినప్పుడు వెనుక భాగానికి వేరే దారే లేకపోతే, అవసరాన్ని బట్టి పుడుతుంది. ఇది దగ్గరదారి, మాకు సౌకర్యం అంటే చాలదు. వేరే దారి ఏర్పడిన నాడు ఆ అవసరపు హక్కు కాస్తా పోతుంది.

వాడుకను బట్టి కూడా హక్కు వస్తుంది. 20 ఏళ్లపాటు బహిరంగంగా, తగాదా లేకుండా, ఆటంకం లేకుండా, హక్కుగా నడిచి ఉండాలి. ప్రభుత్వ స్థలమైతే 30 ఏళ్లు. ఎవరైనా దారికి అడ్డం పెడితే, ఆ సంగతీ, పెట్టిందెవరన్నదీ తెలిసి కూడా ఏడాదిపాటు ఊరుకున్నారా, ఆ లెక్క తెగిపోతుంది. దావా వేయడానికి రెండేళ్లకు మునుపే వాడుక మానేసినా ఈ లెక్క పనికిరాదు.

మూడోది అనుమతి. “పోనీలెండి, మా దొడ్డిలోంచే వెళ్లండి” అన్నారనుకోండి. అలా ఎన్నేళ్లు నడిచినా అది హక్కుగా మారదు. సామాన్యంగా ఇచ్చినవారు దాన్ని రద్దు చేసుకోవచ్చు.

చాలామంది ఇక్కడే పొరబడతారు. ఇవాళ నడవనిస్తే రేపు హక్కంటారేమోనన్న భయంతో, కర్ర పోటేసుకుని వచ్చే పక్కింటి ముసలమ్మ మొహాన తలుపు వేస్తారు. అంత కాఠిన్యం అక్కర్లేదండీ! “మీ అనుమతితో నడుస్తున్నాము” అని ఒక కాగితం మీద తేదీ వేసి ఇద్దరూ సంతకాలు చేసుకుంటే చాలు. మర్యాదా దక్కుతుంది, స్థలమూ దక్కుతుంది.

అయితే, పక్కవారి దారి మీద ఆధారపడినవారికి ఒక హెచ్చరిక. మీకు ఇప్పటికే హక్కు ఉన్నట్లయితే, మొగమాటానికి పోయి అలాంటి కాగితం మీద సంతకం పెట్టకండి. ముందు వకీలుకు చూపించండి. మీ పిల్లల కాలానికి కూడా దారి ఉండాలంటే, తగిన సొమ్ము ఇచ్చి అయినా సరే, దారిహక్కు దస్తావేజు రాయించుకుని రిజిస్టరు చేయించండి. వెడల్పు ఎన్ని అడుగులో, బండి పోవచ్చునో లేదో కూడా అందులో రాయించండి.

మాట మించి పోయినా సరాసరి దావా ఒక్కటే మార్గం కాదు. 1987 నాటి న్యాయసేవల చట్టం కింద లోక్ అదాలత్‌కు వెళ్లవచ్చు. దావా వేయకముందు కూడా అక్కడికి పోవచ్చు. ఇద్దరూ ఒప్పుకుంటేనే రాజీ కుదురుతుంది. కుదిరిన రాజీకి కోర్టు డిక్రీతో సమానమైన బలం ఉంటుంది, దాని మీద అప్పీలు లేదు. కోర్టులో ఉన్న దావా అక్కడ రాజీ అయితే, కట్టిన కోర్టు ఫీజు కూడా తిరిగి ఇస్తారు.

కాబట్టి గోడకు ఇటుకలు దింపించేముందు బీరువాలోని దస్తావేజు తీసి, హద్దులు నెమ్మదిగా చదవండి. వీలైతే పక్కింటివారిని కూడా వారి దస్తావేజు తెమ్మని పిలిచి, రెండూ పక్కపక్కన పెట్టుకుని చూడండి. సగం తగాదాలు అక్కడే తీరతాయి.