గులాబి రంగు నూనె సీసా

చేపనూనె వ్యాపారం చేసే ఒక పెద్ద కంపెనీ కార్యాలయానికి ఊరూ పేరూ సరిగా తెలియని ఆగంతకుడొకడు వచ్చి, అధికారి బల్లమీద చిన్న సీసా ఒకటి ఉంచుతాడు. అందులో లేత గులాబి రంగు నూనె ఉన్నది. పరీక్ష జరిపించిన అధికారికి ముచ్చెమటలు పోస్తాయి. ఈ నూనె బజారుకు వచ్చిననాడు తమ చేపనూనెకు నూకలు చెల్లినట్లే! అది ఒక మొక్కనుంచి తీసిన నూనె అనీ, ఆ మొక్క సోవియట్ రష్యాలో ఇతరుల కంటబడకుండా పెరుగుతున్నదనీ తెలుస్తుంది. తగిన సొమ్ము ముట్టితే విత్తనాలు తెచ్చి ఇస్తానంటాడు ఆగంతకుడు. బేరం కుదురుతుంది. వెళ్ళినవాడు మరి తిరిగి రాడు.

జాన్ విండమ్ అనే ఆంగ్ల రచయిత 1951లో వెలువరించిన ‘ది డే ఆఫ్ ది ట్రిఫిడ్స్’ నవలలో కథకు మూలకందం ఈ ఘట్టమే. దొంగిలించిన విత్తనాలతో పారిపోతున్న విమానాన్ని ఎవరో ఆకాశంలోనే కూల్చివేసి ఉంటారనీ, పెట్టె బద్దలై, దూదిపింజల కన్న తేలికైన విత్తనాలు గాలివాటున భూగోళమంతటా చల్లుకుపోయాయనీ కథానాయకుడు బిల్ మేసన్ ఊహిస్తాడు. అవి మొలిచి మనిషిని మించిన ఎత్తు పెరుగుతాయి. మూడు మొద్దు కాళ్ళవంటి వేళ్ళమీద కుంటుతూ నడుస్తాయి. కొరడావలె విసిరే విషపుముల్లుతో మనిషిని పడగొడతాయి. ఒక రాత్రి ఆకాశంలో కనిపించిన ఆకుపచ్చని కాంతులను చూసిన వారందరూ తెల్లవారేసరికి అంధులవుతారు. పెరటిలోని మొక్క అప్పుడు వేటగాడవుతుంది.

నడిచే మొక్క, విషపుముల్లు అనగానే ఇది పిల్లల భూతకథ అనిపించవచ్చు. సినిమావారు అలాగే భావించి 1962లో చిత్రం తీశారు. కాని నవలలో నిజంగా భయపెట్టే పుటలు వేరు. మొక్క ప్రమాదకరమని లోకానికి మొదటినుంచీ తెలుసు. ఇళ్ళలో అలంకారంగా పెంచుకునేవారు దాని ముల్లు కత్తిరిస్తారు. అది మళ్ళీ పెరగడానికి రెండేళ్ళు పడుతుంది. కాని నూనె కంపెనీల తోటలలో మాత్రం ముల్లు కత్తిరించరు. కత్తిరించని మొక్కనుంచే మేలైన నూనె వస్తుంది మరి! కంచె వేసి, పనివారికి ముసుగులు తొడిగి, వేలాది విషపు మొక్కలను సాకుతారు. కాండం అడుగున ఉండే చిన్న పుల్లలతో టకటకమని చప్పుడు చేస్తూ అవి తమలో తాము మాట్లాడుకుంటున్నాయేమోనని వాల్టర్ లక్నర్ అనే ఉద్యోగి హెచ్చరిస్తాడు. మనిషికీ మొక్కకూ చూపే తేడా అనీ, ఆ చూపు పోతే గెలుపు మొక్కదేననీ అంటాడు. అతని మాటవల్ల నూనె ఉత్పత్తి ఒక్క పీపా కూడా తగ్గదు.

రష్యాలో రహస్యపు మొక్క అనే కల్పన ఆనాటి పాఠకునికి నమ్మదగినదిగా తోచడానికి కారణం లేకపోలేదు. 1948 ఆగస్టులో లైసెంకో వర్గం అక్కడి వ్యవసాయ శాస్త్రాన్ని గుప్పిట పట్టి, జన్యుశాస్త్రాన్నే నిషేధింపజేసింది. ప్రపంచమంతా తిరిగి విత్తనాలు సేకరించిన మహాశాస్త్రజ్ఞుడు వావిలోవ్ అంతకుముందే, 1943లో, సరాటోవ్ చెరసాలలో మరణించాడు. విండమ్ కల్పించిన అద్భుత వృక్షం మాట అటుంచితే, ఆ తెర వెనుక నిజంగా జరిగింది శాస్త్రానికి ఉరి.

సుమారు అర్ధశతాబ్ది తరువాత అటువంటి భయమే భారతదేశపు పొలాలలో తలెత్తింది. 1998 మార్చిలో అమెరికాలో డెల్టా అండ్ పైన్ లాండ్ అనే పత్తివిత్తనాల కంపెనీకీ, ఆ దేశపు వ్యవసాయ శాఖకూ ఉమ్మడిగా ఒక పేటెంటు లభించింది. అమ్మేముందు విత్తనానికి ఒక మందు పట్టిస్తే, అందులో నిద్రాణంగా ఉన్న జన్యువు మేల్కొంటుంది. పంట పండుతుంది, కాని ఆ పంటగింజ మొలవకుండా లోపలే విషం పుడుతుంది. విమర్శకులు దీనికి ‘టెర్మినేటర్’ అని పేరు పెట్టారు. ఆ సంవత్సరమే కర్ణాటకలో రైతులు ప్రయోగక్షేత్రాలలోని పత్తి చేలను తగులబెట్టారు. కాలిపోయినది టెర్మినేటర్ కాదు, కాయతొలుచు పురుగును తట్టుకొనే బీటీ పత్తి. టెర్మినేటర్ విత్తనం ఏ దేశంలోనూ బజారుకు రాలేదు. 2001 నాటి భారతీయ చట్టం అటువంటి వంగడాల నమోదును నిషేధించింది కూడా.

చిత్రమేమంటే, రైతును ఏటేటా దుకాణానికి రప్పించడానికి ఆ జన్యువు అవసరమే లేకపోయింది. 1970లో గుజరాత్‌లో రూపొందిన ‘సంకర్–4’ మొదలుకొని భారతదేశంలో సంకర పత్తి వ్యాపించింది. సంకర విత్తనం పండించిన గింజలను మళ్ళీ విత్తితే చేను ఒక తీరుగా పెరగదు, మొదటి దిగుబడి రాదు. 2002లో అనుమతి పొందిన బీటీ లక్షణాన్ని కంపెనీలు ఈ సంకరాలలోనే ప్రవేశపెట్టాయి. ఇందులో రహస్య సంఘమేదీ లేదు; దొంగ విమానమూ లేదు. విత్తనపు పొట్లంమీద ధర అచ్చయి ఉన్నది, ఒప్పందాలమీద సంతకాలున్నాయి.

ఆ ధరమీదనే ఆంధ్రప్రదేశ్‌లో వివాదం రేగింది. 450 గ్రాముల పొట్లం 1,600 రూపాయలకు పైబడి పలుకుతూ ఉండగా, అందులో 1,250 రూపాయలు కేవలం జన్యు లక్షణానికి చెల్లించే రుసుమని తేలింది. విత్తనం పండించినవారికీ, అమ్మినవారికీ మిగిలినది తక్కిన చిల్లరే! 2006లో రాష్ట్ర ప్రభుత్వం మహికో–మోన్‌శాంటో బయోటెక్ సంస్థపై గుత్తవ్యాపార నియంత్రణ కమిషన్‌కు ఫిర్యాదు చేసింది. ఆ ఖరీఫ్‌కు పొట్లం ధర 750 రూపాయలుగా నిర్ణయమైంది. నిర్బంధం లేకుండానే లక్షలాది రైతులు ఆ విత్తనాన్ని కోరి కొన్నారు; పురుగుమందు ఖర్చు తగ్గుతుందన్న ఆశ వారిది. ధర సగానికి పైగా దిగినా, పొట్లంలో ఉన్నది మాత్రం సంకర విత్తనమే. మరుసటి తొలకరికి మళ్ళీ దుకాణం ముందు వరుసలో నిలబడవలసిందే.