వరండాలో పట్టే ఆట

2021 జూలై 26, సోమవారం. తెల్లారి ఐదున్నరకే టీవీ ముందు కూర్చున్నా. కరోనాకు బడి మూసేశారు. నా దగ్గర కబడ్డీ ఆడే పక్కింటి ఎనిమిదో తరగతి పిల్ల దుప్పటి కప్పుకునే వచ్చింది. టోక్యోలో భవానీదేవి కత్తి పట్టింది. 1896 నుంచి ఒలింపిక్స్‌లో కత్తిసాము ఉన్నా, మన దేశం తరఫున ఆ బరిలో నిలబడిన మొదటి మనిషి ఆమే. ట్యునీషియా అమ్మాయి నాదియా బెన్ అజీజీని 15-3తో గెలిచింది. "అప్పుడే అయిపోయిందా మేడం?" అంది పిల్ల.

తర్వాతి పోటీలో ఫ్రాన్స్ క్రీడాకారిణి మనోన్ బ్రూనె చేతిలో 7-15తో ఓడింది. ఆ బ్రూనెకే కంచు పతకం వచ్చింది. ఓడినందుకు భవానీదేవి మనందరినీ క్షమించమంది. అది చదివి నా కడుపు తరుక్కుపోయింది. సామర్లకోట నుంచి చెన్నై చేరిన పూజారి ఇంటి బిడ్డ. బడిలో వెదురు కర్రలతో నేర్చుకుంది. చిన్న వయసులోనే ఇల్లు వదిలి కేరళలోని తలస్సేరి శిక్షణ కేంద్రానికి వెళ్లాల్సి వచ్చింది. క్షమాపణ ఎవరు ఎవరికి చెప్పాలి?

నల్లమాడ పక్క పల్లెల్లో వ్యాయామ టీచరుగా నాకు తెలిసిందొకటి చెబుతాను. ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన పడితే గొప్ప అనుకునే నేల మాది. ఆటస్థలమంటే గులకరాళ్లు, కంపచెట్లు. చెప్పుల్లేని పిల్లల కాళ్ల నుంచి ముళ్లు తీసీ తీసీ నా పిన్నీసు అరిగింది. హాకీ టర్ఫ్‌ను మ్యాచ్‌కు ముందు నీళ్లతో తడుపుతారని పిల్లలకు చెబితే నమ్మలేదు. తాగే నీళ్లకే బిందెలు వరసలో పెట్టే ఊళ్లు మావి.

కత్తిసాముకు కావలసింది 14 మీటర్ల పొడవు, రెండు మీటర్లకు మించని వెడల్పు. టేపు పెట్టి కొలిచా, మా బడి వరండాలో సరిపోతుంది. ఎండ తగలదు, ముల్లు గుచ్చుకోదు, చుక్క నీరు అక్కర్లేదు. భవానీదేవి ఆడే సేబర్ విభాగంలో కత్తి బరువు అర కిలోకు మించకూడదు. నడుము పైభాగం తాకితేనే పాయింటు. కండబలం కన్నా కాళ్ల చురుకు, కంటి చూపు ముఖ్యం. శెనగ చేలల్లో కలుపు తీసి వచ్చే మా ఆడపిల్లల్లో ఆ రెండూ ఉన్నాయి. పీర్ల పండగకు కర్రసాము చేసే ఊళ్లకు ఇదేం పరాయి విద్య కాదు.

లేనిది సామాను. దెబ్బను పసిగట్టే జాకెట్, ముసుగు, తీగ, దెబ్బ తగలగానే దీపం వెలిగే పెట్టె, ఇవన్నీ కూలి చేసుకునే ఇల్లు కొనగలిగేవి కావు. పతకం వచ్చాక ఇచ్చే కోట్లలో పిసరంత ముందే ఖర్చు చేసి, కదిరిలోనో పుట్టపర్తిలోనో ఒక కేంద్రం పెట్టండి. బస్సెక్కి సాయంత్రానికి ఇల్లు చేరే దూరం ఉంటే తల్లులు ఆడపిల్లల్ని పంపుతారు. తలస్సేరి అంటే పంపరు. వాళ్లను నేను తప్పుపట్టను.

2023లో చైనాలోని వూషీలో జరిగిన ఆసియా పోటీల్లో భవానీదేవి ప్రపంచ చాంపియన్ మిసాకి ఎమురాను ఓడించి కంచు తెచ్చింది. ఆ మరుసటి ఏడు పారిస్ ఒలింపిక్స్‌కు మన దేశం నుంచి ఒక్క కత్తీ వెళ్లలేదు. ఆమె వెనక ఎంతమందిని సిద్ధం చేశామో అక్కడే తేలిపోయింది.

మా వరండాలో సున్నంతో గీత గీశాను. ఇప్పటికి వెదురు కర్రలే. చీపురు తగిలి గీత చెరిగితే పిల్లలే మళ్లీ గీసుకుంటున్నారు.