బొంతకి చేతులు

ఫోన్లో ఫొటో చూపించగానే అమ్మ కళ్ళజోడు సవరించుకుని, ఒక నిమిషం పరీక్షగా చూసి అంది: "ఇదేమిటే, బొంతకి చేతులు కుట్టినట్టుంది!"

నిజంగా అలాగే ఉంది. ఎరుపో గడి, పసుపో గడి, పక్కన ఆకుపచ్చ, మధ్యలో చారలు. 2020 జులైలో షికాగో నుంచి మా అమ్మాయి పంపిన ఫొటో అది. హ్యారీ స్టైల్స్ అనే ఇంగ్లిష్ గాయకుడు ఆ ఏడు ఫిబ్రవరిలో న్యూయార్క్‌లో ఒక టీవీ కార్యక్రమం రిహార్సల్‌కి వేసుకొచ్చిన కార్డిగన్ అట. అంటే ముందు గుండీలుండే స్వెట్టరు. జొనాథన్ ఆండర్సన్ అనే డిజైనర్‌ది. ఖరీదు వెయ్యి పౌండ్లు దాటిందని విని అమ్మ కళ్ళజోడు తీసి పక్కన పెట్టేసింది. మన డబ్బుల్లో లక్ష పైమాటే మరి!

అంత పెట్టి ఎవరు కొంటారు? లాక్‌డౌన్‌లో ఇళ్ళల్లో కూర్చున్న పిల్లలు తామే అల్లుకోవడం మొదలుపెట్టారు. అల్లినవన్నీ టిక్‌టాక్‌లో పెట్టారు. ఇంకో కంపెనీ అయితే నకలు కొడుతున్నారని నోటీసులు పంపేదేమో. ఆయన మాత్రం ఆ జులైలో అల్లిక లెక్కలన్నీ ఉచితంగా బయట పెట్టేశాడు. ఆ కార్డిగన్ చివరికి లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం చేరింది. మనకి అప్పటికే టిక్‌టాక్ మీద నిషేధం వచ్చింది కాబట్టి ఈ సంగతులన్నీ అమ్మాయి చెబితేనే తెలిశాయి.

అసలు విషయం ఫొటో కింద రాసిన ఒక్క ముక్కలో ఉంది. "అమ్మమ్మకి స్వెట్టర్లు వచ్చు కదా?"

డిసెంబరులో ఇంటికి రావాల్సిన పిల్ల. రాలేనని అప్పటికే తేలిపోయింది. అక్కడ గదిలో ఒక్కతే. షికాగో చలి ఎలా ఉంటుందో మనం ఊహించుకోవడమే. కొనుక్కోలేక అడగలేదు. అది నాకూ తెలుసు, అమ్మకీ తెలుసు.

అమ్మ అల్లిక నేర్చుకున్నది కాజీపేట రైల్వే క్వార్టర్లలో. నాన్నగారు గూడ్స్ గార్డు. పక్కింటి పంజాబీ ఆవిడ నేర్పింది. అందుకే అమ్మ అల్లిక అంతా హిందీలో సాగుతుంది. 'దో సీదా, దో ఉల్టా' తప్ప ఆవిడకి ఇంకో హిందీ ముక్క రాదు. ఆ రెండు మాటలతోనే మా ముగ్గురికీ, మా పిన్ని పిల్లలకీ స్వెట్టర్లు అల్లేసింది. పదేళ్ళుగా మాత్రం వేళ్ళ నొప్పులని సూదులు పక్కన పెట్టేసింది.

ఊలు కొందామంటే కేసులు రోజురోజుకీ పెరుగుతున్న రోజులు. బజారుకి వెళ్ళే ధైర్యం లేదు. అటక మీది ట్రంకు పెట్టె దించాం. వర్ధమాన్, ఓస్వాల్ ఉండలు సగం సగం, పావు పావు. మా తమ్ముడి బళ్ళో స్వెట్టరు తాలూకు నీలం, ఎవరికో మొదలుపెట్టి ఆపేసిన గులాబీ, రెండు రకాల పసుపు. ఒక్క రంగులో పూర్తి స్వెట్టరుకి సరిపడా ఊలు ఏదీ లేదు. ముక్కలకైతే దండిగా ఉంది. ఆ గాయకుడి కార్డిగన్ లావుపాటి ఊలుది, మాది మామూలు ఊలు. అందుకని ఆయనగారి లెక్కలు పక్కన పెట్టి మా లెక్క మేం వేసుకున్నాం.

ఆసక్తి ఉన్నవాళ్ళ కోసం ఆ లెక్క చెబుతాను. పదిహేను సెంటీమీటర్ల చదరాలు. వెనక భాగానికి అడ్డం నాలుగు, నిలువు నాలుగు, మొత్తం 16. ముందు రెండు భాగాలకీ చెరో 8. చేతులకి చుట్టూ మూడు, పొడుగు మూడు, చెరో 9. అన్నీ కలిపి 50. మెడ దగ్గర వచ్చే రెండు మాత్రం చదరాలు కావు, త్రికోణాలు. చదరానికి 33 కుట్లు ఎక్కించి అన్ని వరసలూ సీదాయే అల్లాలి. అలా అల్లితే రెండు వరసలకి ఒక గట్టు లేస్తుంది. ఎన్ని కుట్లో అన్ని గట్లు వస్తే చదరం అయినట్టే, టేపు అక్కర్లేదు. త్రికోణానికి ప్రతి గట్టుకీ ఒక అంచున ఒక్కో కుట్టు తగ్గించుకుంటూ పోవాలి. అంతే.

చెప్పడానికి అంతే! ఇద్దరం 33 కుట్లే వేశాం, ఇద్దరివీ ఎనిమిదో నంబరు సూదులే. అమ్మ చదరం పద్నాలుగు సెంటీమీటర్లు, నాది పదహారు. అమ్మది బిగువు చెయ్యి, నాది వదులు. "నీకు మొదట్నుంచీ అన్నిట్లోనూ వదులే" అని ఒక చురక కూడా పడింది. చివరికి అమ్మకి ఏడో నంబరు, నాకు తొమ్మిదో నంబరు ఇచ్చుకుంటే దారికొచ్చాయి. మన పాత సూదులకి నంబరు పెరిగేకొద్దీ సన్నబడతాయి, తెలియనివాళ్ళు తారుమారు చేస్తుంటారు. రోజుకి ఒకటి చొప్పున, నొప్పి ఉన్న రోజు మానేస్తూ, యాభైలో అమ్మ పంతొమ్మిది అల్లింది.

సగమయ్యాక పరిచి చూస్తే ఏదో వెలితి. అన్నీ లేత రంగులే. ముదురు రంగు ఒకటి పడితే గానీ తక్కినవి వెలగవు. ఆ రంగు ఇంట్లో ఉంది. అమ్మ బీరువాలో, అడుగు అరలో, కలరా ఉండల మధ్య. నాన్నగారి మెరూన్ స్వెట్టరు.

బల్లార్షా లైన్లో రాత్రి డ్యూటీల కోసం అమ్మ అల్లింది అది. నాన్నగారు పోయాక దాన్ని ఎవరికీ ఇవ్వలేదు. ఆమధ్య ఎండలో వేసినప్పుడు మోచేతి దగ్గరా, అంచులోనూ పురుగు కొట్టిన చిల్లులు చూశాను. ఇంకో రెండేళ్ళుంటే పొడైపోతుంది. ఆ మాటే అన్నాను. "ఎలాగూ పాడవుతోంది కదమ్మా, విప్పుదామా?"

అమ్మ ఏమీ అనలేదు. వంటింట్లోకి వెళ్ళిపోయింది. రెండు రోజులు ఊలు ఊసే లేదు. చదరాల సంచీ సోఫా పక్కన అలాగే ఉంది. ఆ రెండు రోజులూ నాకు అన్నం సయించలేదు. 'ఎలాగూ' అన్న మాట నోట్లోంచి ఎందుకొచ్చిందా అని.

మూడో రోజు పొద్దున్నే లేచేసరికి అమ్మ బాల్కనీలో కూర్చుని ఉంది. ఒళ్ళో స్వెట్టరు. చేత్తో అల్లినదాన్ని ఎక్కడ పడితే అక్కడ లాగితే విడిపోదు, అల్లిక ముగించిన కొస పట్టుకోవాలి. కొస మెడ దగ్గర ఉంది. మెడ పట్టీ అప్పటికే విప్పేసింది. నన్ను చూసి, "మీ నాన్నగారికి మెడ బిగుతని ఎప్పుడూ గొడవే. ఇన్నాళ్ళకి వదులు చేశాను" అంది. నవ్వుతూనే అంది.

చిల్లు పడ్డచోటల్లా ఊలు తెగిపోయి ముక్కలుగా వచ్చింది. నేను కుర్చీ వీపుకి చుట్టి, నాలుగుచోట్ల దారంతో కట్టి, గోరువెచ్చని నీళ్ళలో నానబెట్టి ఆరేశాను. అలా చేస్తే పాత అల్లిక వంకర్లు పోతాయి. అందులో ఒక చిన్న పోగు తీసి అమ్మ అగ్గిపుల్లతో కాల్చింది. జుట్టు కాలిన వాసన. చిదిమితే బూడిద. "అసలు ఊలే" అంది. తక్కిన ఉండలన్నీ యాక్రిలిక్. అవి కాలిస్తే కరిగి గట్టి పూసలా అవుతాయి.

ఇక్కడొచ్చింది చిక్కు. యాక్రిలిక్‌ని మెషిన్లో వేసినా ఫర్వాలేదు. అసలు ఊలు వేస్తే ముడుచుకుపోయి అట్ట కడుతుంది. మా పిల్ల చేత్తో ఉతుకుతుందా? చచ్చినా ఉతకదు. పక్కనే ఉన్న చదరాలన్నీ గుంజుకుపోతాయి. ఇంత చేసి, నాన్నగారి ఊలు వాడకూడదా? నేను తల పట్టుకుంటే అమ్మే తేల్చింది. "జేబులు చేద్దాం. పైపైన టాకాలు వేద్దాం. ఉతికేటప్పుడు విప్పి, మళ్ళీ కుట్టుకుంటుంది." 26 కుట్లు, 26 గట్లు, రెండు జేబులు. రెండూ అమ్మే అల్లింది. చేతులూ, వీపూ విప్పలేదు, వాటిని మళ్ళీ బీరువాలోనే పెట్టింది.

తర్వాతదంతా చాకిరీ. మంచం మీద చదరాలు పరచడం, ఒకే రంగు పక్కపక్కన రాకుండా మార్చడం. మా వారు ఫోన్లో ఫొటో తీసి నలుపు తెలుపులోకి మార్చి చూపించారు. ముదురు ముక్కలన్నీ ఎడమవైపే చేరాయని అప్పుడు తెలిసింది. ఈ మొత్తం వ్యవహారంలో ఆయన సహకారం అదొక్కటే అయినా, మంచి సహకారం. ఇక కొసలు! చదరానికి రెండు చొప్పున వంద. ఒక్కొక్కటీ సూదికెక్కించి లోపలివైపు దూర్చి కుట్టడానికి పది రోజులు పట్టింది. కొత్తగా మొదలుపెట్టేవాళ్ళు ఏ చదరం కొస ఆ రోజే దూర్చేయండి, నాలా దాచుకోకండి. అంచులకీ, మణికట్టుకీ, గుండీల పట్టీకీ 'దో సీదా, దో ఉల్టా'.

నవంబరులో పార్సిల్ వెళ్ళింది. కార్డిగన్‌తోపాటు జేబుల సంగతి రాసిన చీటీ, ఒక సూది, మెరూన్ ఊలు ఒక చిన్న ఉండ.

జనవరిలో ఒక ఆదివారం పొద్దున అమ్మాయి వీడియో కాల్ చేసింది. ఒంటి మీద కార్డిగన్, చేతిలో ఒక జేబు. ఉతికిందట, విప్పే ఉతికిందట. ఒకటి కుట్టుకుంది కానీ వంకరగా వచ్చింది, రెండోది ఎలాగో చెప్పమంది. అమ్మ ఫోను నా చేతిలోంచి లాక్కుని దగ్గరగా పెట్టుకుంది. అవతల దానికి అమ్మ నుదురు తప్ప ఇంకేం కనిపించి ఉండదు.

"ముందు ఆ వంకరది విప్పు" అంటోంది అమ్మ. "కింది మూల పట్టుకో. అది కాదే, ఎడం మూల..."