వార్తకు వాళ్ల భాష, నవ్వుకు మన భాషనా?

ఆర్మూరు అడ్తి కాడ పసుపు కుప్ప పోసిన రైతు 'కొమ్ముకెంత పలికింది, మండకెంత పలికింది' అని మన భాషల అడుగుతడు. రాత్రి ఇంటికొచ్చి టీవీ పెడితే అదే పసుపు ధర ఇంకో తెలుగుల వినపడుతది. ఈ ఎడం ఎక్కడ మొదలైంది?

మొదటికే పోదాం. హైదరాబాద్‌ల దూరదర్శన్ 1977ల వచ్చింది. 1983 నవంబర్ 14న అక్కడ తొలి తెలుగు వార్తలు చదివింది శాంతి స్వరూప్. ఇయ్యాల డిగ్రీ చదివే పిల్లల్ల ఆ పేరు ఎందరికి ఎరుక? టెలీప్రాంప్టర్ లేని రోజులు. స్క్రిప్టును బట్టీపట్టి, కెమెరా దిక్కు చూసుకుంట చదివేటోళ్లు. అరుపుల్లేవు, కేకల్లేవు. 2011ల రిటైరైన్రు, 2024 ఏప్రిల్ 5న పోయిన్రు.

ఆ సారుతోని మనకు పేచీ లేదు. పేచీ ఆయన చేతికిచ్చిన కాగితం మీది తెలుగుతోని. కోస్తా తెలుగునే ప్రామాణికమన్నరు. ఏండ్లకేండ్లు ఆ గొంతుల విని విని మన చెవులకు గదే వార్తల భాష అయింది. ప్రామాణికమంటే ఆకాశం నుంచి ఊడిపడలేదు, గీ అలవాటే!

2014ల రాష్ట్రం వచ్చింది. అదే ఏడు దూరదర్శన్ యాదగిరి వచ్చింది. సెప్టెంబర్ 9న కాళోజీ పేరు మీద భాషా దినోత్సవం చేసుకుంటున్నం. మరి భాష వచ్చిందా? వచ్చింది, వేషం కట్టుకొని! ముచ్చట్లకు, వెక్కిరింతలకు మన మాట. బడ్జెట్‌కు, ఎన్నికల ఫలితాలకు వాళ్ల మాట. 2019ల నిజామాబాద్ లోక్‌సభకు 185 మంది పోటీపడ్డరు. అండ్ల ఎక్కువమంది పసుపు, ఎర్రజొన్న రైతులే. మన రైతు కొట్లాట దేశమంత వార్తయింది. దాన్ని పెద్ద బులెటిన్లల్ల ఎవరి తెలుగుల చదివిన్రు?

'మీ యాసల చదివితే అందరికీ అర్థం కాదు' అంటరు. నలభై ఏండ్లు మీ భాషను మేం అర్థం చేసుకోలేదా? మా మాట మీకు పది దినాలల్ల అర్థమైతది.

చానళ్లల్ల కొలువు చేస్తున్న మన పిల్లలారా, స్టూడియో గడప కాడ నాలుక మార్చుకోకున్రి. ఉద్యమంల నినాదమిచ్చిన నాలుక వార్త చదవలేదా? నవ్వించే భాషగ బతికింది చాలు. శాంతి స్వరూప్ సారు చదివినంత నిమ్మళంగ, అంతే గౌరవంగ, మన భాషల వార్త చదివే దినం రావాలె. అడుగుదాం. రాకుంటే నిలదీద్దాం.